బీమిలి తెగ నాయకుడు

గ్రాండ్ హొరైజన్ ఫిల్మ్ కంపెనీవారికి నిజం మీద మోజు పుట్టింది, ఒకరోజు గాలి గట్టిగా వీచి వాళ్ళ తెగ నాయకుడి విగ్గు ఎగిరిపోయాక.

అవి మూకీ సినిమాల రోజులు. కాలిఫోర్నియాలో శాంటా బెనీటా అనే రేవు పట్నం వెనక కొండల్లో ఆ కంపెనీ ఉండేది. యజమాని స్ట్రాట్‌మన్ అంతకుముందు టోపీల వ్యాపారి. టోపీలమ్మినవాడికి జనం తలల్లో ఏముందో తెలియకుండా ఉంటుందా అనేవాడు. ఆయన తీసిన సినిమాలన్నింటికీ ఒకటే కథ: తెల్లవాళ్ళ బళ్ళ మీదికి ఇండియన్లు కేకలు పెట్టుకుంటూ విరుచుకుపడతారు, ఆఖర్న సైన్యం వచ్చి వాళ్ళను చెదరగొడుతుంది. ఆ ఇండియన్ వేషాలు వేసేది ఐర్లండు నుంచి వచ్చిన రేవు కూలీలు. ముఖానికి గోధుమరంగు, నెత్తిన గుర్రపువెంట్రుకల విగ్గు, అంతే. అలాంటి ఒక నాయకుడి విగ్గు గాలికి లేచిపోయి, కింద నిగనిగలాడే ఎర్రటి బట్టతల బయటపడింది. ఫిల్ము దండగని మళ్ళీ తియ్యలేదు. ఊరూరా జనం ఆ సీను కోసమే వచ్చి పడీపడీ నవ్వారు. పత్రికలవాళ్ళు కూడా నవ్వేసరికి స్ట్రాట్‌మన్‌కి మండింది.

"ఇకమీదట మన ఇండియన్లు నూటికి నూరుపాళ్ళూ నిజమైన ఇండియన్లు" అని ప్రకటించాడు. ప్రకటించి ఊరుకోకుండా నిజత్వ నిర్ధారణ శాఖ అని ఒకటి పెట్టి, దాని మీద ప్రొఫెసర్ ప్రెండర్‌గాస్ట్ అనే పెద్దమనిషిని కూర్చోబెట్టాడు. ప్రొఫెసర్‌గారు అమెరికా ఇండియన్ల ఆచార వ్యవహారాల మీద లావుపాటి గ్రంథం రాసినవాడు. రాసినన్నాళ్ళూ ఏకాగ్రత చెడుతుందని ఒక్క ఇండియన్‌ని కూడా దగ్గరికి రానివ్వలేదు.

సూరాడ ఎల్లాజీ ఆ పట్నానికి సినిమాల కోసం రాలేదు. అతన్ని జ్వరం దింపింది. బీమిలి జాలరి. వేట సరిగ్గా పడని కాలంలో కలకత్తా పోయి, ఒక ఇంగ్లీషు సరుకుల ఓడలో బొగ్గు వేసే పనికి కుదిరాడు. ఓడ శాంటా బెనీటాలో ఆగినప్పుడు ఒళ్ళు తెలియని జ్వరంతో ఉంటే ఆస్పత్రిలో పడేసి, కోలుకునేదాకా ఆగకుండా ఓడ వెళ్ళిపోయింది. లేచి చూసుకునేసరికి అతని దగ్గర మిగిలింది ఒంటి మీది బట్టలు, ఓడవాళ్ళిచ్చిన గుర్తింపు కాగితం. ఇంటి దగ్గర పెళ్ళాం నూకాలు ఏమనుకుంటోందో అని రోజూ రేవుకి పోయి నిలబడేవాడు. అటువైపు పోయే ఓడ దొరకలేదు. దొరికినా, చిక్కి సగమైన మనిషికి బొగ్గుపార ఇచ్చేవాడెవడు?

అలా తిరుగుతుండగా ఒకనాడు కంపెనీ గేటు దగ్గర పెద్ద వరస కనిపించింది. పైన బోర్డు. ఎల్లాజీకి చదువు రాదు గాని ఆ బోర్డు మీది ఒక్క మాట మాత్రం గుర్తుపట్టాడు. తన కాగితం మీద కూడా ఉన్న మాట అది. ఇండియన్. 'మనోళ్ళ కోసరమే ఎట్టినట్టున్నారు, దరమ పెబువులు' అనుకుని వరసలో నిలబడ్డాడు.

అతని ముందున్న మనిషి చక్కటి సూటు, టోపీ వేసుకుని ఉన్నాడు. పేరు హెన్రీ ఐరన్‌క్రో. లకోటా జాతివాడు, అంటే అమెరికాలో తెల్లవాళ్ళ కంటే ముందు నుంచీ ఉన్న ఇండియన్లలో ఒకడు. సర్కారు బడిలో చదువుకున్నాడు, కార్నెట్ అనే బాకా వాయిస్తాడు. ఊళ్ళో పనులు లేక, సినిమాల్లోకి తనవాళ్ళ కోసం వెతుకుతున్నారని విని చాలా దూరం రైల్లో వచ్చాడు.

బల్ల వెనక ప్రొఫెసర్‌గారు తలెత్తి చూశాడు.

"జుట్టేది?"

"బళ్ళో కత్తిరించేశారండి. మాలోంచి ఇండియన్ లక్షణాలు పోవాలని సర్కారువారి ఉద్దేశం" అన్నాడు హెన్రీ.

"అయితే పోయినట్టే గదా. సర్కారు చేసిన పనిని శాఖ ఎలా కాదనగలదు?" అని ప్రొఫెసర్ కాగితం మీద ఏదో గీశాడు. "పైగా మీ ఇంగ్లీషులో తప్పులు లేవు. శాఖ దీన్ని తీవ్రంగా పరిగణిస్తుంది."

హెన్రీ నవ్వాడు.

"అదిగో, నవ్వారు. నా గ్రంథం ప్రకారం ఇండియన్ నవ్వడు."

"మా అమ్మ మీ గ్రంథం చదివి ఉండదండి."

"అభ్యర్థి ఇండియన్ అనుటకు తగిన ఆధారములు లేనందున తిరస్కరించడమైనది" అని ప్రొఫెసర్ ముద్ర గుద్దాడు. "తర్వాత!"

తర్వాతివాడు ఎల్లాజీ. నడుందాకా జుట్టు, ముడి వేసుకున్నాడు. నల్లటి ఒళ్ళు, ఎండిన దవడలు. ప్రొఫెసర్‌గారి చూపు అక్కడే అతుక్కుపోయింది. ఎల్లాజీ కాగితం చాచాడు. దాని మీద రాజముద్ర, పక్కన 'ఇండియన్' అని స్పష్టంగా అచ్చు.

"ప్రభుత్వ ధ్రువీకరణ!" అన్నాడు ప్రొఫెసర్ గొంతు తగ్గించి. "నాయనా, నీది ఏ తెగ?"

ఎల్లాజీకి ఓడల మీద పట్టుబడిన ఇంగ్లీషు కొంత ఉంది. తెగ అన్న మాట అందులో లేదు. ఏ ఊరని అడుగుతున్నాడనుకున్నాడు.

"బీమిలి, బాబూ."

"బీ... మి... లి. ఇంతవరకూ ఏ గ్రంథానికీ అందని తెగ! మీవాళ్ళు ఇంకా ఎంతమంది ఉన్నారు?"

ఎల్లాజీ ఈ ఊళ్ళో అనుకున్నాడు. "ఎవులూ నేరు బాబూ. నానొక్కడినే."

ప్రొఫెసర్ లేచి నిలబడి టోపీ తీసి గుండెకు ఆనించుకున్నాడు. వరసలో ఉన్నవాళ్ళు కూడా, ఎందుకైనా మంచిదని, టోపీలు తీశారు. ఎల్లాజీ ఒక్క అబద్ధమూ ఆడలేదు. అడిగిన ప్రతిదానికీ నిజమే చెప్పాడు. నిజాలన్నీ కలిసి అలా తయారయ్యాయి.

మర్నాడే అతన్ని గుర్రం ఎక్కించారు. బీమిలిలో గుర్రం మీద తిరిగింది దొరలే, జాలర్లు కాదు. జీను పట్టుకుని దండం పెట్టి ఎక్కాడు, రెండు గంతులు కాకముందే దుమ్ములో పడ్డాడు. డైరెక్టరు మెక్‌గ్రా మెగాఫోన్‌లోంచి బండబూతులు లంకించుకున్నాడు.

"ఆపండి!" అన్నాడు ప్రొఫెసర్. "ఇతను ధ్రువీకరించబడ్డ ఇండియన్. ఇతను గుర్రం మీంచి పడ్డాడంటే దానర్థమేమిటి? నిజమైన ఇండియన్ గుర్రం మీంచి పడతాడన్నమాట. ఇన్నాళ్ళూ మనం తీసినవన్నీ తప్పులు."

ఆ రోజు నుంచి కంపెనీలో ఇండియన్లందరూ గుర్రాల మీంచి పడాలని ఉత్తర్వు వచ్చింది. బాగా స్వారీ వచ్చినవాళ్ళను ప్రత్యేకంగా పిలిచి మందలించారు.

అంతటితో ఆగలేదు. యుద్ధానికి వెళ్ళేటప్పుడు మీ తెగ ఏమని కేక వేస్తుందని అడిగారు. యుద్ధం ఎల్లాజీకి తెలియదు. పదిమందీ కలిసి చేసే కష్టమైన పని అంటే అతనికి పడవ లాగడమే. "హైలెస్సా" అన్నాడు. మూకీ సినిమాలో కేక ఎవరికి వినబడుతుందని మెక్‌గ్రా నెత్తి కొట్టుకున్నాడు గాని, నిజత్వం చెవికి కాదు మనస్సాక్షికి వినబడాలని శాఖ తేల్చింది. కొండలన్నీ హైలెస్సా, జోరుసెయ్ హైలెస్సా అని మారుమోగాయి. ఎల్లాజీ అన్నం చేత్తో కలుపుకు తింటే ఇండియన్లకు మాంసం ఆపి అన్నమూ ఎండుచేపలూ పెట్టారు. తోలు డేరాలు పీకేసి తాటాకు గుడిసెలు వేయించారు. మీవాళ్ళు వేటకు ఎలా వెళతారని అడిగితే, తెప్పకట్టి చూపించాడు. నీటిచుక్క లేని ఆ లోయలో, ఈకలు తురుముకున్న యోధులు తెప్పను భుజాల మీద మోసుకుంటూ, ముళ్ళపొదల మధ్య అడవిదున్నల వెంట పరిగెత్తడం కెమెరాలో ఎక్కించారు. చూసినవాళ్ళెవరికీ నవ్వు రాలేదు. పైన 'నిజత్వ నిర్ధారణ శాఖ ఆమోదించినది' అని కార్డు పడింది మరి.

ఇంత నిజం తియ్యడానికి ఒక్క ఎల్లాజీ చాలడు గదా. మిగతా యోధుల కోసం కంపెనీ కొత్త హోదా సృష్టించింది. ద్వితీయ శ్రేణి అనుకరణ ఇండియన్. హెన్రీకి తిరుగుటిక్కెట్టు లేదు, ఆ పనికి ఒప్పుకున్నాడు. ఎల్లాజీ దగ్గర శిక్షణ పొంది, ఇండియన్‌లా ప్రవర్తించడం నేర్చుకోవాలని షరతు.

మొదటిరోజు శిక్షణలో హెన్రీ, మరో ఇద్దరు లకోటావాళ్ళు, పాత ఐరిష్ కూలీలు వరసగా గొంతుక్కూర్చున్నారు. ప్రొఫెసర్ అటు తిరగగానే ఎల్లాజీ హెన్రీ పక్కకు జరిగాడు.

"బాబూ, నాకిదేటో అరదం కానేదు. ఈ దేశపు ఇండియన్లు మీరే గదా? మీకు నాను నేర్పడవేటి?"

"నాకూ అర్థం కాలేదు" అన్నాడు హెన్రీ. "అయినా నువ్వు కూర్చున్నట్టు మా తాత కూడా కూర్చునేవాడు. పరవాలేదు, కొంతవరకు నిజమే."

ఎల్లాజీకి సిగ్గేసింది. "నాను బొగ్గేసేవోడిని. జాలారోడిని. పోయి ఆ పెద్దాయనకి సెప్పేత్తాను."

"చెప్పు. నిన్ను తీసేస్తారు, నన్ను తీసుకోరు. ఇద్దరం పస్తుంటాం" అని హెన్రీ నవ్వాడు. నవ్వి చటుక్కున ప్రొఫెసర్ వైపు చూసి, ముఖం బిగించుకున్నాడు. అది చూసి ఎల్లాజీ నవ్వాపుకోలేకపోయాడు. ఆ సాయంత్రానికి వాళ్ళు బావా అంటే బావా అనుకుంటున్నారు. హెన్రీకి ఆ మాట అర్థం చెబితే, తమవైపు కూడా అలాంటి వరసలే ఉన్నాయనీ, బావమరదులు ఒకళ్ళనొకళ్ళు ఏడిపించుకోవాల్సిందేననీ చెప్పాడు.

ఏడిపించుకోవడం బాగానే సాగింది. మధ్యాహ్నాలు కొండవాలున కూర్చుని హెన్రీ తమ గడ్డిమైదానాల గురించి చెప్పేవాడు, ఎల్లాజీ సముద్రం గురించి. మెక్‌గ్రా కన్నుగప్పి హెన్రీ అతనికి గుర్రం ఎక్కడం నేర్పాడు. ఎక్కడం వచ్చాక, ఉత్తర్వు ప్రకారం పడడం ఎల్లాజీకి కష్టమైపోయింది.

అంతలో కంపెనీ అన్నిటికన్నా పెద్ద సినిమా మొదలుపెట్టింది. అందులో ముఖ్యమైన సీను ఒప్పందం. తెగ నాయకుడు సైన్యాధికారి బూట్ల ముందు మోకరిల్లి, భూములన్నీ ఇచ్చేస్తున్నట్టు కాగితం మీద వేలిముద్ర వెయ్యాలి. తర్వాత కన్నీళ్ళతో కృతజ్ఞత చెప్పాలి. నాయకుడు ఎల్లాజీ.

ముందురోజు హెన్రీ అన్నం ముందు కూర్చుని తినలేదు.

"ఏటి బావా, అలగున్నావు?"

"మా తాత అలాంటి ఒప్పందం దగ్గర ఉన్నాడు. నా చిన్నప్పుడు చెప్పేవాడు. ఆయన మోకరిల్లలేదు. కూర్చుని, చదివింది మళ్ళీ చదవమన్నాడు. చదివారు. మళ్ళీ చదవమన్నాడు. మాటకీ కాగితానికీ ఎక్కడ తేడా వస్తుందో పట్టుకోవాలని ఆయన పట్టుదల. ఆఖరికి వాళ్ళకు విసుగొచ్చి ఆయన బదులు ఇంకెవరి చేతో వేలిముద్ర వేయించుకున్నారు." హెన్రీ కంచం పక్కకు నెట్టాడు. "రేపు నేను నీ వెనక నిలబడి కళ్ళు తుడుచుకోవాలట."

ఎల్లాజీకి ఆ రాజకీయాలు తెలియవు. కాని మనిషి ఇంకో మనిషి బూట్ల ముందు ఎందుకు పడతాడో తెలుసు. ఓడ మీద చాలాసార్లు చూశాడు, ఒకటి రెండుసార్లు తనే పడ్డాడు.

మర్నాడు కెమెరా తిప్పడం మొదలుపెట్టారు. సైన్యాధికారి వేషగాడు రొమ్ము విరిచి నిలబడ్డాడు. "మోకరిల్లు!" అని మెక్‌గ్రా మెగాఫోన్‌లో అరిచాడు. ఎల్లాజీ తాపీగా వచ్చి నేల మీద గొంతుక్కూర్చుని, "సదవండి బాబూ" అన్నాడు.

వేషగాడు తెల్లమొహం వేశాడు. "ఏం చదవాలి? ఇది ఖాళీ కాగితం."

"కాలీ కాయితం మీద ఏలుముద్దరెవుడేత్తాడు?" అన్నాడు ఎల్లాజీ.

వెనక లకోటావాళ్ళు ముగ్గురూ ఒకళ్ళ ముఖాలొకళ్ళు చూసుకున్నారు. హెన్రీ వచ్చి ఎల్లాజీ పక్కన కూర్చున్నాడు. మిగతా ఇద్దరూ కూర్చున్నారు. ఐరిష్ కూలీలు కాసేపు తటపటాయించి, తమ దేశంలో కూడా భూమి ఇలాగే పోయిందని గుర్తొచ్చిందో ఏమో, వాళ్ళూ కూర్చున్నారు. మెక్‌గ్రా గొంతు బొంగురుపోయేదాకా అరిచాడు. ఎవరూ లేవలేదు. కెమెరా తిప్పేవాడు ఆపమని చెప్పలేదు గదా అని తిప్పుతూనే ఉన్నాడు.

ఇప్పుడు ప్రొఫెసర్‌గారు చిక్కున పడ్డాడు. ధ్రువీకరించిన ఇండియన్ ఏం చేస్తే అదే నిజమని శాఖ నిబంధన. ఇతను మోకరిల్లకపోతే నిజమైన ఇండియన్ మోకరిల్లడు. అలాగైతే సినిమాలో తెల్లవాళ్ళకు భూములు వచ్చే దారి లేదు. ఆయన కాసేపు ఆలోచించి, "నిబంధన నిబంధనే. వలసదారులు బళ్ళు వెనక్కి తిప్పుకుని పోవలసిందిగా కథ సవరించడమైనది" అన్నాడు. అలాగే తీశారు.

ఆ సినిమా చూసి స్ట్రాట్‌మన్ కుర్చీలోంచి లేవలేకపోయాడు. "మనవాళ్ళు తిరిగి వెళ్ళిపోతున్నారేమిటి? ఎక్కడికి వెళతారు?" అన్నాడు. "టిక్కెట్టు కొన్న ప్రతివాడూ ఆ బళ్ళలో వచ్చినవాడి మనవడే గదయ్యా!"

శాఖ అంతటా విచారణ జరిపింది. నిజమైన ఇండియన్‌లో తప్పు ఉండడానికి వీల్లేదు. తప్పంటూ ఉంటే అది బయటినుంచి సోకాలి. కాబట్టి సోకించినవాడు హెన్రీ ఐరన్‌క్రో. 'ఇండియన్‌నని చెప్పుకు తిరుగుతున్న గుర్తు తెలియని వ్యక్తి' అని ప్రొఫెసర్ రేవు దగ్గరున్న వలసల ఆఫీసుకి ఫిర్యాదు పంపాడు. అక్కణ్ణించి ఇన్‌స్పెక్టర్ హాబ్స్ ఇద్దరు జవాన్లతో దిగాడు. పొడుగు మనిషి, మర్యాదస్తుడు. హెన్రీకి కుర్చీ వేయించి మరీ విచారించాడు.

"మీరు ఇండియన్ కాదని నిపుణులు తేల్చారు. అంటే ఈ నేల మీద పుట్టినవారు కాదు. మరి ఈ దేశంలోకి ఎప్పుడు వచ్చారు?"

"రాలేదు. ఇక్కడే ఉన్నాం."

"వచ్చినట్టు రికార్డు లేదని మీరే ఒప్పుకుంటున్నారు. అనగా అక్రమంగా ప్రవేశించారు. ఇక మిమ్మల్ని మీ స్వదేశానికి పంపించాలి. అది ఏ దేశమో మీరు చెబితే మాకు వీలుగా ఉంటుంది."

"నేను ఇండియన్‌ని" అన్నాడు హెన్రీ పళ్ళు బిగించి.

"చాలా సంతోషం" అని హాబ్స్ రాసుకున్నాడు. "ఇండియాకి పంపడమైనది."

హెన్రీని రేవులో ఒక రేకుల షెడ్డులో పెట్టారు. అతని తాతల తాతలు తిరిగిన నేల మీంచి, అతను ఎన్నడూ దాటని సముద్రం మీదుగా, అతనికి ఎవరూ తెలియని దేశానికి ఓడ సిద్ధమైంది. విషయం తెలియగానే ఎల్లాజీ ఈకలు, దుప్పటి వేషంలోనే రేవుకి పరిగెత్తాడు. హాబ్స్ కాళ్ళా వేళ్ళా పడ్డాడు.

"బాబూ, ఆడు ఈ దేశపోడే. ఇండియా నుంచొచ్చినోడిని నాను. నన్ను పంపించీయండి. మా ఆడది ఏడుత్తుంతాది. మీకు పున్యెం ఉంతాది."

హాబ్స్ ఎల్లాజీకి శాఖవారిచ్చిన ధ్రువపత్రం ఒకటికి రెండుసార్లు చదివి, కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "స్నేహితుడి కోసం జన్మభూమినే కాదంటున్నావు. ఇంత గొప్ప మనసు మీ జాతికే ఉంటుంది. కాని ఈ నేల నీది. నీ నేల నుంచి నిన్ను తరిమేంత అన్యాయం ఈ ఆఫీసు చెయ్యదు."

"సివరిసారి సూడనిత్తారా?" అన్నాడు ఎల్లాజీ.

హాబ్స్ లోపలికి పంపించాడు. హెన్రీ బెంచీ మీద చేతులు మోకాళ్ళ మధ్య పెట్టుకుని కూర్చునున్నాడు. ఎల్లాజీ తలుపు దగ్గరకేసి, ముడి విప్పి జుట్టు విరబోసుకున్నాడు.

"బావా, దీన్ని కత్తిరించీ. నీ సూటు ఇటియ్యి."

హెన్రీకి అర్థమయ్యేసరికి కొంచెంసేపు పట్టింది. షెడ్డు మూలన మూటలు కట్టే తాళ్ళు కొయ్యడానికి పెట్టిన కత్తెర ఉంది. తీసుకున్నాడు గాని మళ్ళీ బెంచీ మీద పెట్టేశాడు.

"బళ్ళో మమ్మల్ని వరసగా కూర్చోబెట్టి కత్తిరించారు. మా చెల్లెలు ఏడుస్తుంటే నా చేత పట్టించారు. నావల్ల కాదు."

"ఆల్లు నువ్వొద్దంతే కత్తిరించినారు. నాను కావాలంతన్నాను" అన్నాడు ఎల్లాజీ, తల వంచి. "బేగి కానీ. నాకు ఇల్లు కనపడతన్నాది."

కత్తిరించాడు. ఎల్లాజీ సూటు తొడుక్కున్నాడు. బూట్లు బిగువయ్యాయి. హెన్రీ దుప్పటి కప్పుకుని, ఆ పొడుగాటి జుట్టును ఈకల పట్టీ కింద దోపుకుని భుజాల మీదికి వదిలాడు. ఇద్దరూ ఒకళ్ళనొకళ్ళు చూసుకుని నవ్వారు. తర్వాత నవ్వు ఆగిపోయింది. ఎల్లాజీ అతన్ని కావిలించుకున్నాడు.

"మరి నువ్వేటి సేత్తావు బావా?"

"ఏముంది, ఇప్పుడు నేను ధ్రువీకరించిన ఇండియన్‌ని. నేనేం చేస్తే అదే నిజం" అన్నాడు హెన్రీ. "రేపు పొద్దున ఆ ప్రొఫెసర్ ముందు కూర్చుని కడుపుబ్బ నవ్వుతాను. రాసుకోనీ."

బయటికి వస్తుంటే జవాను దుప్పటి మనిషికి సలాం కొట్టాడు. సాయంత్రం అదే జవాను సూటు మనిషిని ఓడెక్కించాడు. మొహం చూడలేదు. కాగితంలో 'సూటు, టోపీ, పొట్టిజుట్టు' అని ఉంది, ఎదురుగా సూటు, టోపీ, పొట్టిజుట్టు ఉన్నాయి.

ఓడలు మారి, రేవులు మారి, కలకత్తా నుంచి ఒక కోస్తా స్టీమరు ఎల్లాజీని బీమిలి ఎదురుగా తెచ్చింది. ఓడ దూరాన లంగరేసింది. తీరం నుంచి పడవ వచ్చింది. తెడ్లు వేస్తున్నవాళ్ళంతా ఎరిగున్నవాళ్ళే. "ఓరి, మన ఎల్లాజీ గాడ్రా! సూటేసినాడ్రోయ్!" అని కేకలు. ఎల్లాజీ తాడు పట్టుకుని పడవలోకి దిగబోయాడు.

"ఆగవయ్యా" అన్నాడు పడవలో గొడుగేసుకు కూర్చున్న రేవు గుమాస్తా. కళ్ళజోడు సవరించుకుని ఓడవాళ్ళిచ్చిన కాగితం చూశాడు. "హెన్రీ ఐరన్‌క్రో. అమెరికా నుంచి. విదేశీయులు కలెక్టరుగారి అనుమతి లేనిదే దిగరాదు."

"బాబూ, నాను సూరాడోళ్ళ ఎల్లాజీని. ఇక్కడోడినే. మాయమ్మ పోలమ్మ. అదిగో, ఆ కనబడే పాకే మాది!"

గుమాస్తా తల పంకించాడు. "భాష బాగానే నేర్చావు. యాస కూడా పట్టావు. మెచ్చుకోవలసిందే. అయినా కాగితం కాగితమే."

"ఈడు ఎల్లాజీయే బాబూ, మా కల్ల ముందు పెరిగినోడు" అన్నారు పడవవాళ్ళు.

"సూరాడ ఎల్లాజీ అమెరికాలో తప్పిపోయినట్టు ఓడ కంపెనీ ఎప్పుడో రాసింది. తప్పిపోయినవాడు ఇక్కడెలా ఉంటాడు? ఇతన్ని వచ్చిన దారినే తిరిగి పంపించవలసి ఉంటుంది."

ఎల్లాజీ ఓడ వైపు చూశాడు. తీరం వైపు చూశాడు. బూట్లు విప్పి గుమాస్తా ఒళ్ళో పెట్టి, సూటుతో సహా సముద్రంలోకి దూకేశాడు.

గుమాస్తా కంగారుపడి గొడుగు వదిలేశాడు. పడవవాళ్ళు మాత్రం తెడ్లు ఎత్తి పెట్టుకుని, నింపాదిగా చూస్తూ కూర్చున్నారు. "ఇంకేటి, ములిగిపోనాడు బాబూ" అన్నాడొకడు. ఎల్లాజీ అప్పటికి అలల వరస దాటేశాడు. గుమాస్తా కొంచెంసేపటికి తేరుకుని, 'అమెరికా దేశస్థుడైన హెన్రీ ఐరన్‌క్రో ప్రమాదవశాత్తూ మునిగి మరణించినాడు' అని రాసి, హమ్మయ్య అనుకున్నాడు. మరణించినవాడికి కలెక్టరుగారి అనుమతి అక్కర్లేదు.

నూకాలు ఇసకలో చేపలు ఎండబెడుతోంది. నీళ్ళు కారుతున్న సూటు మనిషి తన వైపే నడిచి వస్తుంటే చీపురు ఎత్తింది. దగ్గరికొచ్చాక చీపురు కింద పడేసి, అక్కడే కూలబడి, ఏడ్చినంతసేపు ఏడ్చింది. తర్వాత లేచి తిట్టినంతసేపు తిట్టింది. తిట్లయ్యాక అతని పొట్టిజుట్టు తడిమి చూసి, అన్నం పెట్టింది.

"ఇన్నాల్లూ ఏటి సేసినావక్కడ?"

"ఇండియన్‌గా ఏసమేసినాను."

"అదేటి?"

"మనల్ని అలగంతారు. ఆ దేశపోళ్ళనీ అలగే అంతారు."

నూకాలు చెయ్యి ఆగింది. "ఇద్దరికీ ఒకటే పేరేటి? ఆలెక్కడ, మనవెక్కడ?"

"మా బావ సెప్పినాడు. ఎనకటికి ఒక ఓడవోడు మన దేశానికని బైలెల్లి, దారి తప్పి ఆడ తేలినాడంట. అదే మన దేశం అనుకున్నాడంట. అలగ ఆలకి మన పేరెట్టేసినాడు."

నూకాలు కాస్త ఆలోచించి, అతని కంచంలో ఇంకో ముద్ద వేసింది.

"దారి తప్పినాడు, సరే. ఓడెక్కినోడు ఎవుడైనా తప్పుతాడు. తప్పినానని తెలిసినాకైనా, మీ పేరేటని ఆలని అడగొచ్చు గదా?"

ఎల్లాజీ ముద్ద నోట్లో పెట్టుకుని, చాలాసేపు నమిలాడు.

"నాను ఆడ నుంచి వచ్చీసీదాకా ఎవులూ అడగనేదు" అన్నాడు.